నలభైలకు ముందు తెలుగువాళ్లకు మనసు లేదా?

తెలుగు సాహిత్యానికి మనసు 1940ల్లో వచ్చిందట. అంతకుముందు మనకున్నవి పురాణాలు, ప్రబంధాలు. వాటినిండా వర్ణనలు, శాపాలు, వరాలు, విరహంతో చందమామను తిట్టే నాయికలు. మనిషి లోపల ఏం జరుగుతోందో మొదట తొంగిచూసింది గోపీచంద్ ‘అసమర్థుని జీవయాత్ర’, ఆ వెనకే బుచ్చిబాబు ‘చివరకు మిగిలేది’. ఫ్రాయిడ్ తెలుగులోకి దిగాడు, మనకు అంతరంగం దొరికింది. డిగ్రీ విద్యార్థి చదివే సాహిత్య చరిత్రలో ఉండేది ఇదే, పోటీ పరీక్షల గైడులో ఉండేదీ ఇదే. విజయవాడ ఏలూరు రోడ్డులో షాపు షాపూ తిరిగి విమర్శ గ్రంథాలు కొనుక్కునే ఓపిక ఉన్నవాళ్లకు కూడా చాలాసార్లు దక్కేది ఇదే, కాకపోతే కాస్త పెద్ద మాటల్లో.

ఆ రెండు నవలల మీద నాకు పేచీ లేదు. సీతారామారావు తనను తానే తినేసుకుంటూ శ్మశానం దాకా నడిచిన తీరు, తల్లి మీద లోకం వేసిన మచ్చను దయానిధి ఎక్కడికి వెళ్లినా వెంట మోసుకుపోయిన తీరు మళ్లీ మళ్లీ చదవదగ్గవే. పైగా ఇద్దరూ మనవాళ్లు. ఒకరిది గుడివాడ దగ్గర అంగలూరు, ఇంకొకరిది ఏలూరు. నా పేచీ ‘అంతకుముందు లేదు’ అన్న మాటతో. ఆ మాట తప్పు. తప్పే కాదు, దాన్ని నమ్ముకుని మనం మన కావ్యాలనూ పాటలనూ యాభై అరవై ఏళ్లుగా గుడ్డిగా చదువుతున్నాం.

ఈ అభిప్రాయం కృష్ణా డెల్టాలో మరీ లోతుగా పాతుకుపోవడానికి కారణం ఉంది. పురాణాన్ని బోనెక్కించడం ఇక్కడివాళ్లకు ఉగ్గుపాలతో వచ్చిన విద్య. త్రిపురనేని రామస్వామి చౌదరి ‘సూతపురాణం’ రాశారు. గోరా 1940లో ముదునూరులో పెట్టిన నాస్తిక కేంద్రం 1947లో పటమటకు వచ్చింది. విజయవాడలో పత్రికలు నడిపిన నార్ల వెంకటేశ్వరరావు ‘జాబాలి’, ‘సీత జోస్యం’ రాశారు. విశ్వనాథ ‘కల్పవృక్షం’ అంటే రంగనాయకమ్మ ‘విషవృక్షం’ అన్నారు. ఇదంతా అవసరమైన పనే. ధర్మం పేరు చెప్పి మనిషిని మనిషి తొక్కినప్పుడు ఆ ధర్మాన్ని రాసిపెట్టిన పుస్తకాన్ని నిలదీయకుండా ఎలా?

కానీ నిలదీసి నిలదీసి మనకు ఒకే ప్రశ్న మిగిలింది. ఇది జరిగిందా, లేదా? ఎదుటి పక్షంలో ఉన్న భక్తుడు అడిగేదీ అదే. అతను ఉపగ్రహం తీసిన ఫొటోలో వారధి వెతుకుతాడు, పంచాంగం తిప్పి రాముడి పుట్టినతేదీ కడతాడు. ఇద్దరూ పురాణం చేత వాంగ్మూలం ఇప్పించాలనే చూస్తారు. ఒకరు ఆ వాంగ్మూలాన్ని నమ్ముతారు, ఒకరు కొట్టేస్తారు. ఈ పురాణాన్ని ఎవరు, ఎవరి ముందు, ఏ బాధలో ఉండి చెప్పుకున్నారు అన్న ప్రశ్న ఇద్దరికీ పట్టదు. మనసు ఉన్నది సరిగ్గా ఆ ప్రశ్న దగ్గర.

హేతువాదుల్లో పెద్దవాళ్లకు ఈ సంగతి తెలుసు. వాళ్ల శిష్యులే మరిచిపోయారు. ‘కవిరాజు’ అనిపించుకున్న ఆ రామస్వామి చౌదరి ‘శంబుకవధ’ చూడండి. తపస్సు చేసిన నేరానికి తల పోగొట్టుకున్న శూద్రుడికి ఉత్తరకాండలో దక్కినవి నాలుగు మాటలు. నాటకంలో అతనికి ఆలోచన వచ్చింది, కోపం వచ్చింది, తలెత్తి మాట్లాడే హక్కు వచ్చింది. పురాణం వట్టి అబద్ధమే అయితే కవిరాజు దాన్ని పక్కన పారేసి, వేరే పేర్లతో కొత్త కథ రాసుకోవచ్చు కదా? రాయలేదు. శంబుకుడి పేరు వినగానే వినేవాడి లోపల ఎక్కడో ఏదో కదులుతుందని, కొత్త పేరు పెడితే అది కదలదని ఆయనకు తెలుసు. నార్లకూ తెలుసు, అందుకే సీత దగ్గరికే వెళ్లారు. పురాణాన్ని కూల్చడానికి కూడా పురాణం లోపలి మనసునే పట్టుకోవలసి వచ్చింది. అన్నట్టు, తెలుగులో మొదటి మనోవైజ్ఞానిక నవల రాశాడని మనం చెప్పుకునే గోపీచంద్ ఈ కవిరాజు కొడుకే. తండ్రి పనికీ కొడుకు పనికీ ఏమైనా చుట్టరికం ఉందేమో అని మన సాహిత్య చరిత్రలు అడగవు. తండ్రిని ‘హేతువాదం’ అనే అధ్యాయంలో, కొడుకును ‘నవల’ అనే అధ్యాయంలో పెట్టి తాళం వేస్తాయి.

ఈ తాళాలు తీసే పని చేసిన పండితుడు వెల్చేరు నారాయణరావు. శ్రీకాకుళం జిల్లాలో పుట్టి, ఏలూరు సి.ఆర్.రెడ్డి కాలేజీలో పాఠాలు చెప్పి, 1971లో అమెరికాలోని విస్కాన్సిన్ విశ్వవిద్యాలయానికి వెళ్లారు. ఆ కాలేజీకి పేరిచ్చిన కట్టమంచి రామలింగారెడ్డి 1914లో ‘కవిత్వతత్త్వవిచారం’ రాసి, కళాపూర్ణోదయాన్ని ఎదురుగా పెట్టుకుని ప్రబంధ కవులను ఏకిపారేసినవాడు. సుమారు తొంభై ఏళ్ల తర్వాత, 2002లో, నారాయణరావు, డేవిడ్ షుల్మన్ కలిసి అదే కళాపూర్ణోదయాన్ని ఇంగ్లిష్‌లోకి తెచ్చారు. 2006లో పింగళి సూరనదే ‘ప్రభావతీప్రద్యుమ్నం’ కూడా తెచ్చారు. పదహారో శతాబ్దపు దక్షిణ దేశంలో మనిషి తన లోపలి గురించి, ఊహ గురించి, కోరిక గురించి కొత్తగా ఆలోచించడం మొదలుపెట్టాడని, దానికి సూరన గట్టి సాక్షి అని వాళ్ల వాదన. మనవాళ్లలో చాలామంది దీన్ని అమెరికాలో కూర్చుని అల్లిన ముచ్చటగా తీసుకున్నారు. కనీసం సూరనను తెరిచి చూసి ఆ మాట అని ఉంటే బాగుండేది.

తెరిచి చూద్దాం. కళాపూర్ణోదయంలో సుగాత్రీ శాలీనుల కథ ఉంది. పెళ్లయింది. అమ్మాయిని నగలతో, పూలతో, గంధంతో ముస్తాబు చేసి రాత్రి గదిలోకి పంపుతారు. శాలీనుడు అటు తిరిగి కూడా చూడడు. ఇంకో రాత్రి, ఇంకా ఎక్కువ ముస్తాబు. ఊహూఁ. తల్లికి ఆత్రం, చెలికత్తెలకు ఆశ్చర్యం, సుగాత్రికి అవమానం. శాలీనుడు పగలంతా శారదాదేవి పూలతోటలో పని చేసుకుంటూ ఉంటాడు. ఒకరోజు పెద్ద గాలివాన. తోటలో ఉన్న మొగుడు ఏమయ్యాడో అని సుగాత్రి ఉన్నపళంగా పరుగెత్తుతుంది. నగల్లేవు, ముస్తాబు లేదు. అతని పక్కన చేరి తోటపని అందుకుంటుంది. ఆ పనిలో, ఆ అలసటలో ఉన్న సుగాత్రిని చూసి శాలీనుడికి కోరిక పుడుతుంది.

ఈ ఘట్టంలో శాపం లేదు, వరం లేదు, గంధర్వుడు లేడు. ఇంటిల్లిపాదీ తలుపవతల చెవులు రిక్కించి ఉండగా, వాళ్లు అలంకరించి పంపిన భార్యను చూస్తే మొగుడికి ఏమనిపిస్తుంది? పరీక్ష రాయమన్నట్టు ఉంటుంది. తోటలోకి వచ్చిన సుగాత్రిని ఎవరూ పంపలేదు, తనంతట తను వచ్చింది. ఆ తేడా శాలీనుడికి తెలియకుండానే అతని ఒంటికి తెలిసింది. సంసారం చేసిన ప్రతివాళ్లకూ అర్థమయ్యే ఈ సంగతిని సూరన పదహారో శతాబ్దంలో పద్యాల్లో పెట్టాడు. దీన్ని ‘వర్ణనాత్మక ప్రబంధం’ అనే ఒక్క మాటతో మూటగట్టి అటకెక్కించాం.

‘ఇదేదో ఒక ఘట్టం దొరికింది, మిగతాదంతా శాపాలూ పూర్వజన్మలే కదా, పాత్ర చేసే పనికి కారణం పాత్ర లోపల లేకుండా బ్రహ్మ నోట్లో ఉంటే అది మనస్తత్వమెలా అవుతుంది’ అని అడుగుతారు. గట్టి ప్రశ్నే. అదే కావ్యం నుంచి జవాబు చెప్తాను. కలభాషిణికి నలకూబరుడు కావాలి, నలకూబరుడు రంభ ప్రియుడు. మణికంధరుడికి రంభ కావాలి. కలభాషిణి రంభ రూపం తెచ్చుకుంటుంది. మణికంధరుడు నలకూబరుడి రూపం తెచ్చుకుంటాడు. ఈ ఇద్దరూ కలుస్తారు. ఆమె తనకు నలకూబరుడు దక్కాడనుకుంటుంది, అతను తనకు రంభ దక్కిందనుకుంటాడు. రెండు ఒళ్లూ అబద్ధం, రెండు కోరికలూ నిజం. ఇద్దరూ కోరుకున్నది కౌగిలించుకున్నారు, ఇద్దరికీ కోరుకున్నది దక్కలేదు. మాయారూపం అనే పురాణపు సరంజామా లేకపోతే ఈ ప్రయోగం చేయడం కుదరదు. మనం ప్రేమించేది మనిషినా, మనం ఆ మనిషికి తొడిగిన రూపాన్నా అని అడగడానికి సూరనకు రూపం మార్చే విద్య కావలసి వచ్చింది. శాపం, వరం అతని చేతిలో పనిముట్లు. అవి కనపడగానే లోపల మనిషి లేడని తీర్మానిస్తే చదవడం చేతకానట్టే.

ఒక చోట మాత్రం నారాయణరావు, షుల్మన్‌లతో నాకు కుదరదు. కళాపూర్ణోదయాన్ని వాళ్లు నవల అన్నారు. ఎందుకు ఆ బిరుదు? నవల అయితేనే మనసు ఉంటుందన్నది ఎదుటివాళ్ల కొలబద్ద. దాన్ని విరగ్గొట్టడానికి బయల్దేరి, దాంతోనే సూరనను కొలిచి పాసు మార్కులు వేయించినట్టయింది. అది పద్యకావ్యం. పదిమంది కూర్చున్న సభలో వినిపించేది, రసికుడు ఆగి ఆగి నెమరేసుకునేది. అందులో మనసు పనిచేసే తీరు గదిలో ఒంటరిగా నవల చదువుకునేవాడి మనసు పనిచేసే తీరు లాంటిది కాదు. కావ్యం మారడానికి శ్రోత మారడంతో సంబంధం ఉందని 1978లో ‘తెలుగులో కవితా విప్లవాల స్వరూపం’ రాసి మనకు నేర్పింది నారాయణరావే. ఆ పాఠాన్ని ఇక్కడ ఆయనే సడలించారని నా ఫిర్యాదు.

ఆయన చేసిన పనుల్లో నాకు అన్నిటికన్నా విలువైనదిగా తోచేది సూరన మీద కాదు, స్త్రీల రామాయణపు పాటల మీద. కోస్తా ఆంధ్ర ఇళ్లలో ఆడవాళ్లు పాడుకున్న పాటల గురించి ఆయన రాసిన వ్యాసం 1991లో పౌలా రిచ్‌మన్ సంపాదకత్వంలో వచ్చిన రామాయణ వ్యాసాల సంకలనంలో ఉంది. ఈ పాటల్లో రావణవధ ఎవరికీ పట్టదు. కౌసల్య నొప్పులు పడుతుంది, సీత అత్తవారింట సర్దుకుంటుంది, ఊర్మిళ పద్నాలుగేళ్లు నిద్రపోతుంది. లక్ష్మణుడు తిరిగొచ్చి పక్కన కూర్చుంటే ఊర్మిళ గుర్తుపట్టదు. ఎవరో పరాయి మగవాడు గదిలోకి వచ్చాడని బెదిరి, పరస్త్రీని కోరినవాళ్లకు ఏ గతి పట్టిందో అతనికే చెప్తుంది. అన్న వెంట వెళ్తూ తనను అడగని మొగుడు పద్నాలుగేళ్లకు వస్తే పరాయివాడు కాక ఏమవుతాడు? పాట ఆ మాట అనదు. అననక్కర్లేకుండా కట్టారు.

ఇంకో పాటలో శూర్పణఖ మారువేషంలో వచ్చి రావణుడి బొమ్మ గీయమంటుంది. నేనతని మొహం చూడలేదు, కాలి బొటనవేలే చూశాను అంటుంది సీత, ఆ బొటనవేలే గీస్తుంది. మిగతా బొమ్మ శూర్పణఖ పూర్తి చేస్తుంది. దానికి ప్రాణం వస్తుంది. ఎంత చేసినా అది పోదు. దాచిపెడతారు, రాముడి కంట పడుతుంది, సీత అడవికి పోతుంది.

దీన్ని మన ఫ్రాయిడ్ అభిమాని చేతికిస్తే ఏం చేస్తాడో ఊహించడం కష్టం కాదు. సీతకు లోలోపల రావణుడి మీద కోరిక ఉంది, ఆ అణచిన కోరికే బొమ్మ అంటాడు. అనేసి తనేదో లోతుకు వెళ్లాననుకుంటాడు. కానీ గమనించండి, పాటలో ఆ మాట అన్నవాడు ఒకడున్నాడు. రాముడు. సీతను అనుమానించడమే మనోవిశ్లేషణ అయితే మొదటి మనోవిశ్లేషకుడు ఆయనే. పాట కట్టిన స్త్రీ చూపిస్తున్నది సీత కోరికను కాదు, అనుమానం పనిచేసే తీరును. చూసింది బొటనవేలు, గీసింది బొటనవేలు, మిగతా మగవాణ్ణి పూర్తి చేసింది ఇంకొకరు. పూర్తయ్యాక మాత్రం అది ఆమె గీసిందే. ఎంత తుడిచినా పోదు. ఏ వీధిలోనైనా ఒక ఆడదాని మీద మాట పుట్టి పెరిగే పద్ధతి సరిగ్గా ఇదే. ఆ పాట పాడిన ఇల్లాలు ‘మా ఆయన నన్ను అనుమానిస్తున్నాడు’ అని ఇంట్లో అనలేదు. సీత పేరు మీద అత్తగారి ఎదుటే పాడింది, అత్తగారు కూడా గొంతు కలిపింది. మనసు సీత అనే పాత్ర లోపలే ఉందనుకుంటే సగమే దొరుకుతుంది. పాడేవాళ్లకూ పాత్రకూ మధ్య జరిగే ఆ రహస్యపు రాకపోకల్లో ఉంది మిగతా సగం. నవల కోసం తయారుచేసుకున్న పనిముట్లతో అది అందదు.

ఈ అరువు పనిముట్లు మనకు నప్పవని మొదట అన్నవాళ్లు సాహిత్య పండితులు కూడా కారు. 1922లో కలకత్తాలో భారత మనోవిశ్లేషణ సంఘం పెట్టిన గిరీంద్రశేఖర్ బోస్ ఫ్రాయిడ్‌తోనే ఉత్తరాల్లో వాదించాడు, తన దగ్గరికి వచ్చే రోగుల మనసులు వియన్నా మనసుల్లా లేవని. ఆయన పురాణాల మీద పుస్తకం కూడా రాశాడు. మన దగ్గర ఫ్రాయిడ్ పేరు చెప్పే విమర్శకుల్లో బోస్ పేరు ఎత్తేవాళ్లు అరుదు.

నా మాటలు ‘ఫ్రాయిడ్ చెప్పినవన్నీ మన వేదాల్లో ఎప్పుడో ఉన్నాయష’ బాపతు చెవుల్లో పడి అక్కడ చప్పట్లు మోగే ప్రమాదం ఉంది. వాళ్లకు ముందే చెప్తున్నాను, ఉన్నాయని నేననడం లేదు. ఫ్రాయిడ్ చెప్పింది ఫ్రాయిడ్ చెప్పాడు. సూరన చెప్పింది వేరు, బొమ్మ పాట కట్టిన ఇల్లాలు చెప్పింది వేరు. పైగా ఆ పాట రాముణ్ణి ఎక్కడ నిలబెడుతోందో తెలిస్తే వాళ్లు చప్పట్లు మానేస్తారు. అగ్రవర్ణ స్త్రీల పాటలకూ, కింది కులాల స్త్రీల పాటలకూ చూపులో చాలా తేడా ఉందని కూడా నారాయణరావు చూపించారు. ఒకే జాతి, ఒకే సంస్కృతి, ఒకే మనసు అనే బండమాటకు ఈ పాటల్లో చోటు లేదు.

డెల్టాలోకి ఇంకాస్త కిందికి, కూచిపూడికి రండి. భామాకలాపంలో సత్యభామ తెర మీదుగా జడ విసిరి సవాలు చేస్తూ వస్తుంది. అంత గర్విష్ఠి, మొగుడు అలిగి వెళ్లిపోయాక చెలికత్తె మాధవి ముందు దీనంగా నిలబడాలి. నీ మొగుడి పేరేంటని మాధవి అడుగుతుంది. కులస్త్రీ మొగుడి పేరు చెప్పకూడదు. చెప్పకపోతే కబురు వెళ్లదు. సిగ్గుపడి, సైగ చేసి, చుట్టు తిప్పి చెప్పబోతుంది, మాధవి అర్థం కానట్టు నటిస్తుంది. ఉత్తరం తీసుకెళ్లడానికి ముక్కెర ఇమ్మంటుంది. సుమంగళి ముక్కున ఉన్నది తీసివ్వడమంటే ఏమిటో చూసేవాళ్లకు తెలుసు. నవ్వు పుట్టిస్తూనే గర్వాన్ని పొర పొరగా ఒలిచే ఈ సన్నివేశం మధ్య ఇంకో పొర ఉంది, ఆ సత్యభామ మగవాడు. కూచిపూడి కుటుంబాల్లో పుట్టిన ప్రతి మగపిల్లవాడూ జీవితంలో ఒక్కసారైనా సత్యభామ వేషం కట్టాలని ఈ కలాపం కట్టిన సిద్ధేంద్రుడు మాట తీసుకున్నాడని చెప్పుకుంటారు. 2012లో కన్నుమూసిన వేదాంతం సత్యనారాయణశర్మ దశాబ్దాల తరబడి ఆ జడ వేసుకున్నారు. మొగుడి పేరు చెప్పలేని ఆడదాని ఇబ్బందిని మగవాడు తన ఒంటి మీదికి తెచ్చుకోవడం ఆ ఊరి మగవాళ్లకు ఏం నేర్పింది, ఏం నేర్పలేదు? దీని మీద నాట్యశాస్త్రం వాళ్లు ముద్రలు లెక్కపెట్టారు, సాహిత్యం వాళ్లు అష్టవిధ నాయికల్లో ఏ నాయికో తేల్చారు. పక్కనే మొవ్వ. అక్కడి గోపాలుణ్ణి పట్టుకుని క్షేత్రయ్య వేశ్యల నోట పదాలు పాడించాడు. దేవుడు విటుడిగా గుమ్మంలో నిలబడితే అధికారం ఎవరిదవుతుందో ఎ.కె.రామానుజన్, నారాయణరావు, షుల్మన్ 1994లో ఒక పుస్తకమే వేసి చూపించారు. మనం ఆ పదాలను కచేరీలకు పనికొచ్చేవీ పనికిరానివీ అని రెండు కుప్పలు పోశాం.

చివరగా శ్రీకాకుళం. జిల్లా శ్రీకాకుళం కాదు, ఘంటసాల దగ్గర కృష్ణ ఒడ్డునున్న శ్రీకాకుళం. కళింగ దండయాత్ర దారిలో కృష్ణదేవరాయలు బెజవాడలో కొన్నాళ్లు మకాం చేసి, అక్కడికి వెళ్లి ఆంధ్రవిష్ణువును చూసి, ఏకాదశి ఉపవాసం ఉన్నాడు. తెల్లవారుజామున కల. ఆముక్తమాల్యద అవతారికలో ఆయనే చెప్పాడిది. ఆ కలలో దేవుడు తెలుగు గొప్పతనం చెప్పిన మాటను ఆగస్టు 29న ఊరూరా మైకుల్లో వల్లిస్తాం. దానికి ముందు దేవుడు ఇంకో మాట చెప్పాడు, దాన్ని ఎవరూ ఎత్తరు. పూర్వం ఒక మగవాడు ఇచ్చిన దండ వేసుకోవలసి వచ్చింది, ఆ కొదవ నాకు ఉండిపోయింది, తను ముడిచి విడిచిన దండలిచ్చిన ఆ పిల్లతో నా పెళ్లి కథ చెప్పి దాన్ని కప్పు అంటాడు. నేను తెలుగు రాజును, నువ్వు కన్నడ రాజువు అని కూడా అంటాడు.

ఎవరి కల ఇది? రాజ్యాలు గెలుస్తూ వస్తున్న రాజు, తిండి మాని పడుకున్న రాత్రి, తనది కాని సీమలో, ఆ సీమ దేవుడు వచ్చి తన వెలితి చెప్పుకుని అది పూడ్చమని అడుగుతున్నాడు. గెలిచినవాడికి గెలవబడిన నేల దేవుడు చెప్పుకున్న కొదవ అది. ఆ కొదవ దేవుడిదేనా? ఇంకా తనది కాని నేల మీద ‘మనవాడు’ అనిపించుకోవాలన్న ఆశ కలలో ఏ రూపంలో వస్తుంది? ఈ కలను ‘అవతారికల్లో ఇది కవిసమయం’ అని ఒక్క ముక్కలో దాటేసే విమర్శకుడు, ఇదే కల వియన్నాలో ఫ్రాయిడ్ దగ్గరికొచ్చిన రోగి ఎవరో చెప్పి ఉంటే దాని మీద పది పేజీలు రాసేవాడు.